పద్నాలుగేళ్ల గొంతు

గ్యాస్ బండ కోసం నా కొడుకు ఫోన్ చేస్తే, అవతలి అమ్మాయి "బాబూ, ఫోన్‌తో ఆడుకోకూడదు, ఇంట్లో పెద్దవాళ్లకి ఇవ్వు" అంది.

నా కొడుకు ఎల్లాజీకి అప్పటికి ముప్పై దాటాయి. గడ్డం గీసుకుంటూ ఫోన్ చేశాడు. చెంప మీద సబ్బు నురగ అలాగే ఉంది. "నేను పెద్దోణ్ణేనండీ" అన్నాడు. అవతల ఫక్కున నవ్వి ఫోన్ పెట్టేశారు. వాడు ఫోన్ నా చేతికిచ్చి మళ్లీ అద్దం వైపు తిరిగాడు.

కోడలు నూకరత్నం పొయ్యి దగ్గర నుంచి, "అత్తా, బండ నువ్వే అడుగు. మీ గుంటడికి ఇవ్వరట" అంది.

వాడూ నవ్వాడు. నాకు మాత్రం నవ్వు రాలేదు. ఎందుకంటే ఆ నవ్వు కూడా పద్నాలుగేళ్ల పిల్లాడి నవ్వే.

ఆ గొంతు మీకూ తెలుసు. కెరటం బాయ్స్ పాట వినని ఊరు నాకు తెలిసి లేదు. పెళ్లి బస్సుల్లో అదే, సెల్‌ఫోన్ కొట్ల ముందు అదే, పిల్లల పుట్టినరోజుల్లో అదే. గోడల మీద నలుగురు పిల్లలు తెల్ల చొక్కాల్లో ఎగురుతూ కనబడతారే, వాళ్లలో ఎడమ వైపు చివరివాడు మావాడు. బొమ్మ కింద రికీ అని రాసి ఉంటుంది. సూరాడ ఎల్లాజీ అని పెడితే పోస్టరుకి బాగుండదట, కంపెనీవాళ్లే మార్చారు. ఆ రికీ ఇన్నేళ్లుగా అలాగే ఎగురుతున్నాడు. మీసం రాదు, ఒళ్లు రాదు. ఏటా కొత్త పాటలు పాడతాడు. ఆ పాటలు బయటికొచ్చిన రోజున నా కొడుకు హార్బర్లో ఐసు దిమ్మలు దించుతూ ఉంటాడు.

ఇది ఎలా జరిగిందో చెప్పాలంటే ముందు మా పడవల సంగతి చెప్పాలి.

మాది భీమిలి దాటాక సముద్రం ఒడ్డున ఒక పల్లె. మా తీరంలో పడవని నీళ్లలోకి తోయడానికి ఒక పద్ధతి ఉంది. మగాళ్లంతా పడవకి భుజాలు ఆనించి తలలు వంచుకుంటారు. తల వంచినవాడికి సముద్రం కనబడదు. ఒక్కడు మాత్రం పక్కన ఎత్తు మీద నిలబడి అలల్ని చూస్తాడు. పెద్ద అలలు వరసగా వచ్చి విరిగాక నీళ్లు కాసేపు సద్దుకుంటాయి. ఆ సందు చూసి వాడు "ఓ... పద!" అని కూత వేస్తాడు. అప్పుడే తోయాలి. ముందు తోసినా, వెనక తోసినా అల పడవని ఎత్తి మనుషుల మీదే పడేస్తుంది. అందుకని ఆ కాసేపు తీరంలో ఇంకెవరూ నోరు విప్పరు. చంటిపిల్ల ఏడిస్తే తల్లి ఎత్తుకుని దూరంగా పోతుంది. తోసేవాళ్ల చెవికి ఒక్క గొంతే చేరాలి.

ఆ కూత నా మొగుడు దానయ్య వేసేవాడు. ఎల్లాజీ తండ్రి భుజాల మీద కూర్చుని దాన్ని నేర్చుకున్నాడు. ఒక ఏడాది గంగమ్మ పండగకి పిల్లలు ఇసకలో ఉత్తుత్తి పడవ తోస్తూ ఉంటే వీడు కూత వేశాడు. పండగ చూడ్డానికి వచ్చిన ప్రమోద్ అనే పెద్దమనిషి అది విన్నాడు. పాటల కంపెనీవాడు. మూడో రోజుకల్లా కారు మా వీధి మొదట్లో ఉంది. ఆ కూతనే మొదటి పాటకి మొదటి మాటగా పెట్టారు. "ఓ... పద!" అని మావాడు అందుకుంటే మిగిలిన ముగ్గురు పిల్లలూ ఎగిరేవారు, చూసేవాళ్లూ ఎగిరేవారు.

గొంతుకి రక్షణ కోసం లోపల ఒక పొర వేస్తామన్నారు. పాడి పాడి గొంతు చెడిపోకుండా ఉంటుందట. పెద్దయ్యాక తీసేస్తామన్నారు. వాడి గొంతులోంచే చిటికెడు కండ తీసి, గాజు గిన్నెలో పెంచి, ఉల్లిపొరంత పల్చగా చేసి మళ్లీ అక్కడే అతికించారు. కుట్టు లేదు, కట్టు లేదు. మర్నాడు వాడు ఐస్‌క్రీం తిన్నాడు. మేం సంతోషించాం.

ఆ తర్వాత సంగతి లోకానికి తెలిసిందే. మావాణ్ణి చూడటానికి జనం ఎగబడితే చొక్కా చిరిగి, చెవి తెగింది. టీవీలో కనబడితే మా వాడ ఆడవాళ్లంతా మా ఇంట్లోనే కూర్చునేవారు. నాలుగేళ్లు గడిచాయి. పిల్లలు పొడుగయ్యారు, మీసాలు వచ్చాయి. గొంతులు మాత్రం మారలేదు. కంపెనీకి కావలసింది గొంతులే. ముఖాలు బొమ్మలుగా గీయించుకున్నారు. ఆ బొమ్మలకి వయసు రాదు కదా. నలుగురు పిల్లల్నీ తలా ఒక శాలువా కప్పి ఇంటికి పంపేశారు. పొర ఎప్పుడు తీస్తారని అడిగితే "ఇంకా టైముంది" అన్నారు. తర్వాత గేటు దగ్గరే ఆపేశారు.

ఆ ఏడే దానయ్య జ్వరం తగిలి పోయాడు. ఎల్లాజీ తండ్రి కాళ్ల మీద పడి "అయ్యా" అని ఏడుస్తుంటే వీధిలో పోయేవాళ్లెవరో, "సావింట్లో కెరటం బాయ్స్ పాటేటర్రా?" అన్నారు. ఆ మాట వాడి చెవిన పడింది. ఏడుపు అక్కడికక్కడే మింగేశాడు. తండ్రి కోసం గొంతెత్తి ఏడ్చే హక్కు కూడా నా కొడుక్కి లేకుండా చేశారు. ఇది నేను మరచిపోను.

పెళ్లయ్యాక వాడు కొంచెం కుదుటపడ్డాడు. నూకరత్నం మా అన్న కూతురు. దానికి వాడి గొంతు చిన్నప్పటి నుంచి అలవాటే. "నా మొగుడు మీసమున్న గుంటడు" అని వేళాకోళం చేసేది. వాడు దాన్ని ముద్దుగా "చందువ పిల్లా" అని పిలిచేవాడు. చందువ అంటే గుండ్రంగా, వెండిలా మెరిసే చేప. అది మొగుడూ పెళ్లాల మధ్య మాట. ఒకటి రెండుసార్లు తలుపు సందులోంచి నా చెవిన పడిందే గాని, నా ఎదుట వాడెన్నడూ అనలేదు.

ఒక ఉదయం నేనూ నూకరత్నం గంపలు ముందేసుకుని చేపల వేలం దగ్గర కూర్చున్నాం. పక్క టీ కొట్లో కెరటం బాయ్స్ కొత్త పాట మొదలైంది.

"చందువ పిల్లా, చందువ పిల్లా, అలిగితే నీ మొహం మరీ తెలుపే పిల్లా..."

కోడలి చేతిలోని చేప జారి ఇసకలో పడింది. చుట్టుపక్కల ఆడవాళ్లు పాటకి తలలు ఊపుతున్నారు. అది గంప అక్కడే వదిలేసి ఇంటికి పరిగెత్తింది. నేను వెళ్లేసరికి ఇంట్లో యుద్ధం.

"ఎవుడికి సెప్పావు? మనిద్దరి మాట ఊరంతా పాడుకుంతంది! అలిగితే తెలుపంట! అది కూడా సెప్పీసేవా?"

"నీ మీదొట్టే రత్నం, నానెవుడికీ సెప్పలేదు."

"నువ్వు సెప్పకపోతే ఆ పాడినోడికెలా తెల్సు? ఆడి గొంతూ నీదే కదా?"

అడిగిన మనిషి అక్కడే ఆగిపోయింది. ముగ్గురం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. వాడు నెమ్మదిగా చెయ్యి ఎత్తి మెడ పట్టుకున్నాడు.

ఆ పొర వింటోంది. వాడు ఇంట్లో అన్నది, గదిలో అన్నది అన్నీ విని ఎక్కడికో చేరవేస్తోంది. అక్కడి యంత్రం వాడి మాటలు మేస్తూ కొత్త పాటలు కక్కుతోంది. కొత్త మాట కావాలంటే బతికున్న మనిషి నోటి నుంచి రావాలి కాబోలు, అందుకే తియ్యలేదు. ఆ రోజు నుంచి వాళ్లిద్దరూ గదిలో సైగలు చేసుకునేవారు. పెళ్లయి రెండేళ్లు కాలేదు, మొగుడితో మాట్లాడాలంటే ఆ పిల్ల భయపడింది. దొంగ ఇంట్లో పడితే కేకలు వేస్తాం. దొంగ గొంతులోనే కాపురం పెడితే కేక ఎలా వేస్తారు?

అయినా అప్పటికి ఊరుకున్నాం. ఊరుకోవడానికి వీల్లేకుండా చేసింది తవుడి కాలు.

తవుడు నూకరత్నం అన్న. పడవ తోసేవాళ్లలో ముందు భుజం వాడిదే. దానయ్య తర్వాత కూత వేసే ముసలాయనకి చూపు తగ్గడంతో ఆ పని ఎల్లాజీకి వచ్చింది. సన్నటి గొంతైనా అలల హోరులోంచి సూదిలా దూసుకొచ్చేది. "మా బావ కూతేస్తే గంగమ్మ తల్లి పలకా బలపం పట్టుకుని బడికి బయల్దేరిపోద్ది" అని తవుడు నవ్వించేవాడు. కానీ తల వంచాడంటే ఆ గొంతుకే తోసేవాడు. అందరూ అంతే.

ఆ రోజు పొద్దున్నే పడవ తోస్తున్నారు. తీరం పక్క రోడ్డు మీదకి కంపెనీ వ్యాను ఒకటి వచ్చి ఆగింది. విశాఖలో కెరటం బాయ్స్ కచేరీ అని ఊరూరా చాటించే వ్యాను. నేను ఎండుచేపలు తిరగేస్తున్నాను. ఎల్లాజీ ఎత్తు మీద నిలబడి సముద్రంలోకి చూస్తున్నాడు. పెద్ద అల ఒకటి విరిగింది, దాని వెనక ఇంకా పెద్దది లేస్తోంది. వాడి నోరు మూసే ఉంది. నేను చూశాను.

"ఓ... పద!"

వ్యాను మీది మైకులోంచి వచ్చింది ఆ కూత. పాట మొదలు అదే కదా.

తలలు వంచుకున్న మగాళ్లు ఒక్క ఊపున తోశారు. "ఆగండి! అది నాను కాదు!" అని ఎల్లాజీ అరిచాడు. ఆ అరుపూ అదే గొంతు, మైకులో పాటా అదే గొంతు. ఏది విని ఆగుతారు? అల పడవ ముందు భాగాన్ని నిలువునా లేపింది. మనుషులు చెదిరిపోయారు. పడవ దిగినచోట తవుడున్నాడు.

మోకాలి కింద తీసేశారు. ఆస్పత్రి మంచం మీద వాడు ఎల్లాజీని చూసి, "బావా, తొయ్యమన్నోడివీ నువ్వే, ఆగమన్నోడివీ నువ్వే. నాకున్నయి రెండే సెవులు, ఏటి సెయ్యమంతావు?" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. ఎల్లాజీ తల గోడకి ఆనించి నిలబడ్డాడు.

తర్వాత పడవ మగాళ్లు మా ఇంటికొచ్చారు. తప్పు పట్టడానికి కాదు. వాళ్లలో పెద్దాయన, "నీ తప్పు కాదురా నాయనా. అయినా నీ గొంతుకి ఇంక మా భుజం కదల్దు" అన్నాడు. తండ్రి నిలబడిన చోట నా కొడుకు ఇక నిలబడడు. వాళ్లు వెళ్లాక వాడు నాతో ఒక్కటే మాట అన్నాడు.

"అమా, ఇది నాకొద్దు. నాది నాకిప్పించు."

విశాఖ వెళ్లే దారిలో ఒక కొండ మీద ఆ కంపెనీ ల్యాబు ఉంది. గేటు దగ్గర ఆపితే, తవుడి కాలు పడవ కింద ఉన్న ఫోటో చూపించాను. విలేకరులకి ఇస్తానన్నాను. లోపలికి రానిచ్చారు.

ప్రమోద్ జుట్టుకి రంగు వేసుకున్నాడు. మాకు జీడిపప్పు బిస్కెట్లు పెట్టించాడు.

"జరిగింది చాలా బాధాకరం అమ్మా. కానీ పాటలో ఒక కూత ఉండటం నేరం కాదు కదా."

"అది మా ఆయన కూత."

"అది జానపదం అమ్మా. జానపదం అంటే అందరిదీ."

"అందరిదీ అయితే మా తవుడు కాలు కూడా అందరిదేనా? మీ వంతు ఎంతొచ్చింది బాబూ?"

అతను బిస్కెట్ల పళ్లెం నా వైపు జరిపాడు. ఎల్లాజీ, "పొర తీయండి సార్" అన్నాడు. ఆ గొంతు వినగానే ప్రమోద్ మొహం వెలిగింది. గొప్ప వస్తువుని చూసినట్టు చూశాడు. "ఇంకా ఎంత స్వచ్ఛంగా ఉందో! రికీ, కచేరీకి రా. పెద్దయిన రికీ అని స్టేజి మీద చూపిద్దాం. జనం ఏడుస్తారు."

"తీయండి సార్."

"తీస్తే గొంతే పోతుంది నాయనా. కావాలంటే డాక్టరుగారిని అడుగు."

డాక్టర్ వేదవల్లి వచ్చింది. ఆ పొరని కనిపెట్టిన మనిషి ఆవిడే. సన్నగా, అలసిపోయినట్టు ఉంది. ప్రమోద్‌కి ఫోనొస్తే, "వీళ్లకి నేను చూపిస్తాను" అని మమ్మల్ని పక్క గదిలోకి తీసుకెళ్లింది.

చల్లటి గది. గాజు గిన్నెల్లో తేలుతూ పల్చటి పొరలు. గోడంతా స్పీకర్లు. వాటిలోంచి పాటలు వస్తూనే ఉన్నాయి. ఎవరూ వినడం లేదు. ఒక మూల ఉద్యోగి ఒకతను చెవుల్లో దూది పెట్టుకుని అన్నం తింటున్నాడు.

"ఇక్కడ పాట ఎవరి కోసమమ్మా?" అని అడిగాను.

ఆవిడ ఆ ఉద్యోగిని టీ తాగి రమ్మని పంపింది. తలుపు వేసి, ఒక గిన్నె మీద మందపాటి మూత బోర్లించింది. ఆ మూతలోకి పాట చొరబడదట. మేం నిలబడి చూస్తున్నాం. మొదట ఏమీ కాలేదు. కాసేపటికి పొర అంచు వణికింది. తర్వాత ఎండలో వేసిన చేప తోలులా ముడుచుకోవడం మొదలెట్టింది. ఆవిడ మూత తీసేసింది. పాట తగలగానే పొర మళ్లీ నెమ్మదిగా విచ్చుకుంది.

"దీనికి తిండి శబ్దమే" అంది. "గొంతులో అతికించాక బయటి మోత దానికి చాలదు, ఆ మనిషి మాట్లాడుతూ ఉన్నంత కాలమే బతుకుతుంది. చాలా రోజులు నోరు మెదపకపోతే ఎండి, ఊడిపోతుంది. కత్తి అక్కర్లేదు."

"ఎన్నాళ్లు?" అన్నాడు ఎల్లాజీ.

"రెండు నెలలు పట్టవచ్చు. గుసగుస కూడా వద్దు. నవ్వినా, మూలిగినా దానికి మేతే."

"ఊడిపోయాక?"

"తెలీదు. నీ గొంతు పద్నాలుగో ఏట ఆగిపోయింది. కింద ఏమైనా మిగిలిందో, అసలేమీ లేదో నిజంగా నాకు తెలీదు. మూగవాడివి కూడా కావచ్చు."

నాకు ఒళ్లు మండిపోయింది. "ఇన్నేళ్లూ ఈ మాట ఎక్కడ దాచుకున్నావమ్మా? ఒక్కసారి చెబితే నీ నోరు పోతుందా?"

"యాసిడ్ పడి గొంతు కాలిపోయిన ఒక పిల్ల కోసం దీన్ని మొదలుపెట్టాను" అంది ఆవిడ. "ఆ పిల్లకి వేయడానికి డబ్బు ఎవరూ ఇవ్వలేదు. వీళ్లు ల్యాబు ఇచ్చారు." నాకు జాలి కలగలేదు. ఇప్పటికీ పూర్తిగా కలగదు. ఆ నిజం ఆవిడ చెప్పి ఉంటే తవుడు ఈవేళ రెండు కాళ్ల మీద నడిచేవాడు.

దారిలో బస్సులో కెరటం బాయ్స్ పాట. ఎల్లాజీ కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాడు. ఊళ్లో దిగాక ఇంటికి వెళ్లలేదు, తిన్నగా తవుడింటికి వెళ్లాడు. గుమ్మంలో నిలబడి, "బావా, రేపట్నించి నాను మాటాడను. గొంతొచ్చిందా, వచ్చి నీకే ముందు ఇనిపిస్తాను. రాలేదా, నీకో కాలు లేదు, నాకో గొంతు లేదు, జతగాళ్లం" అన్నాడు.

"ఎల్లెల్లు. నీ గోల ఇన్నేళ్లు ఇన్నాను, రెండు నెల్లు సుఖపడతాను" అన్నాడు తవుడు.

చేపలు గుడ్లు పెట్టే కాలమని ఏటా ఎండాకాలంలో సర్కారు వేట ఆపేస్తుంది. మోటారు పడవలన్నీ ఒడ్డు మీదే ఉంటాయి. మర్నాడే ఆ నిషేధం మొదలు. పడవలతో పాటు నా కొడుకు నోరు కూడా ఒడ్డుకి చేరింది.

మాట్లాడకుండా ఉండటం తేలికనుకున్నాను. కాదు. కాలికి ముల్లు గుచ్చుకుంటే "అమ్మా" అనకూడదు. నవ్వు వస్తే పెదవులు కొరుక్కోవాలి. నిద్రలో కలవరిస్తాడేమోనని నూకరత్నం వాడి మూతికి మెత్తటి గుడ్డ కట్టేది. "నా మొగుడికి దూడకి కట్టినట్టు సిక్కం కట్టీసేను" అని చెప్పుకుని వీధి కుళాయి దగ్గర ఆడవాళ్లని నవ్వించేది. ఇంటికొచ్చి ఏడ్చేది. వాడు పలక మీద బొమ్మలు గీసేవాడు. ఒకసారి చేప బొమ్మ గీసి దాని మూతి అలిగినట్టు పెట్టాడు. అది పలక గుంజుకుని వాడి నెత్తి మీద కొట్టింది. వాడు నవ్వబోయి రెండు చేతులతో నోరు మూసుకున్నాడు. కళ్ల నుంచి నీళ్లు కారాయి.

మేత అందక కొండ మీద యంత్రం తడుముకుంటోందని మాకు తొందరలోనే తెలిసింది. ముందు టీవీవాళ్లు వచ్చారు, "రికీ గారూ, అభిమానులకి ఒక్క మాట" అంటూ. తర్వాత ఎవరెవరో వచ్చి, వాడి నోట మాట రప్పించాలని గుమ్మంలో తగువు పెట్టుకున్నారు. ఆఖరికి ప్రమోద్ పళ్ల బుట్టతో వచ్చాడు. ఎల్లాజీ అరుగు మీద వల బాగుచేస్తున్నాడు.

"ఎలా ఉన్నావు రికీ?"

వాడు తల ఎత్తలేదు.

"చూడు, నేను నీ మంచి కోరేవాణ్ణి. ఒక్క 'ఊఁ' అను చాలు. మిగిలిన ముగ్గురికీ లేని బాధ నీకెందుకు? వాళ్లు హాయిగా ఉన్నారు."

వల సూది ఆడుతూనే ఉంది. ప్రమోద్ గొంతు మార్చాడు.

"నిన్నెవడు పట్టించుకునేవాడు నేను లేకపోతే? మీ నాన్న ఏం మిగిల్చాడు నీకు? పడవ దగ్గర అరిచే ఒక అరుపు. ఆ అరుపుని పాట చేసినవాణ్ణి నేను. మీ నాన్న చచ్చేదాకా అరిచినా తీరం దాటలేదు అది."

ఎల్లాజీ లేచి నిలబడ్డాడు. మెడ నరాలు తాళ్లలా పొంగాయి. పెదవులు విడిపోతున్నాయి. అతనికి కావలసిందదే. ఆ కళ్లలో ఆశ చూశాను నేను. నేను వెళ్లి వాళ్లిద్దరి మధ్య నిలబడి నా కొడుకు నోటి మీద అరచెయ్యి పెట్టాను.

"మాట కావాలా నీకు? నాను మాటాడతాను, ఇను!" అన్నాను. ఆ తర్వాత నేను అన్నవి ఇక్కడ రాయను. మా వీధిలో ఆడవాళ్లంతా బయటికి వచ్చారు. ఎవరికి తోచింది వాళ్లు కలిపారు. నూకరత్నం చేపలు కడిగిన నీళ్ల బకెట్టు తెచ్చి అతని బూట్ల మీద కుమ్మరించి, "సూసుకోలేదు బాబూ" అంది. కారు వీధి దాటేదాకా మా మాటలు ఆగలేదు. వాడి ఒక్కడి మాట అడిగాడు, వాడకట్టు మాటలన్నీ పట్టుకుపోయాడు.

నిషేధం ముగుస్తుందనగా ఒక పొద్దున వాడు చద్దన్నం తింటూ దగ్గాడు. దగ్గు ఆగలేదు. కళ్లు ఎర్రబడ్డాయి. చివరికి అరచేతిలోకి ఏదో పడింది. బూడిదరంగు తోలుముక్క, ఎండు పొలుసులా ఉంది, గోరంత. దాని కోసమా ఇంత! నూకరత్నం దాన్ని పుల్లతో కదిపి చూసి, "పిలువు నన్ను" అంది.

వాడు నోరు తెరిచాడు. గాలి వచ్చింది. అంతే. మళ్లీ ప్రయత్నించాడు. గాలే.

"పోన్లే. సైగలు బాగా నేర్సుకున్నాం" అంది అది. తర్వాత పెరట్లోకి పోయి చాలాసేపు రాలేదు.

వేట మొదలయ్యే రోజు వచ్చింది. పడవలకి పసుపు రాసి, గంగమ్మకి కొబ్బరికాయలు కొట్టారు. కూత వేయడానికి తవుడు ముందుకొచ్చాడు. చంకలో కర్ర పెట్టుకుని ఎత్తు మీద నిలబడ్డాడు. ఎల్లాజీ వాడి పక్కనే నిలబడ్డాడు, వాడు కింద పడితే పట్టుకోవడానికి. ఆ మాటా ఈ మాటా అంటూనే మగాళ్లంతా భుజాలు ఆనించి తలలు వంచారు. తీరం నిశ్శబ్దమైంది.

అప్పుడు రోడ్డు మీద మైకులు మోగాయి. వేట ప్రారంభం సందర్భంగా మత్స్యకారులకి కెరటం బాయ్స్ శుభాకాంక్షలట! రెండు వ్యాన్లు వచ్చి నిలబడ్డాయి. తవుడి కాలు తీసేసినవాళ్లే తవుడికి శుభాకాంక్షలు చెప్పడానికి వచ్చారు. కడుపు మండి నేను ఆ వ్యాన్ల వైపు పరిగెత్తాను. ఆడవాళ్లు నా వెనక వచ్చారు. మేం చేరేలోపే అది వచ్చేసింది.

"ఓ... పద!"

నేను వెనక్కి తిరిగి చూశాను. పడవ కదల్లేదు. ఒక్క భుజం కదల్లేదు. తలలు వంచుకుని అలాగే ఉన్నారు. దాన్ని నమ్మకూడదని ఆ ఒళ్లు నేర్చుకున్నాయి.

పెద్ద అల విరిగింది. సందు వచ్చింది. తవుడు "ఓ..." అని అందుకున్నాడు. మైకుల హోరులో వాడి గొంతు నాకే వినబడలేదు, తలలు వంచినవాళ్లకి ఏం వినబడుతుంది? నీళ్లు పడవ అడుగుకి చేరి దాన్ని పక్కకి తిప్పుతున్నాయి. దూరంలో తర్వాతి అల లేస్తోంది. ఇప్పుడు తోయకపోతే పడవ అడ్డం తిరిగి అందరి మీదా పడుతుంది. తవుడు అరుస్తున్నాడు, మెడ ఉబ్బుతోంది, ఎవరికీ అందడం లేదు.

ఎల్లాజీ నోరు తెరిచాడు.

మొదట గాలి. తర్వాత ఒక గరగర, ఇసకలో పడవ అడుగు ఈడ్చినట్టు. తర్వాత ఆ గరగరలోంచి, దాన్ని చీల్చుకుంటూ వచ్చింది.

"ఓ... ఓ... పద!"

బొంగురు గొంతు. మధ్యలో చిట్లింది. ఎప్పుడూ ఎవరూ వినని గొంతు. మైకుల కింద నుంచి, బరువుగా, ఇసక మీద పాకినట్టు వచ్చింది. ఎవరి గొంతని ఆ మగాళ్లు ఆగి ఆలోచించలేదు. వాళ్లలో పెద్దవాళ్లు దానయ్య కూతకి తోసినవాళ్లు. ఇది దానయ్య గొంతు కాదు. కానీ ఆ ఇంటిదే. ముందు ముసలి భుజాలు కదిలాయి, వాటితో పాటు మిగిలినవి. పడవ ఒక్క ఊపున జారి సద్దుకున్న నీళ్లలో పడింది, తర్వాతి అలని ఎక్కి దాటింది.

రోడ్డు మీద కెరటం బాయ్స్ ఎగిరెగిరి పాడుతున్నారు. తవుడు కర్ర వదిలేసి ఎల్లాజీ మెడ పట్టుకుని వేలాడుతున్నాడు. "ఒరే బావా, ఇదేటి గొంతురా, తుప్పు పట్టిన మోటారు!" అంటున్నాడు. ఏడుస్తున్నాడు కూడా. నూకరత్నం గబగబా ఎల్లాజీ దగ్గరికెళ్లి నిలబడింది. వాడు వంగి దాని చెవిలో ఏదో అన్నాడు. ఏమన్నాడో నేను వినలేదు. కొండ మీదివాళ్లూ వినలేదు.

ఆ పాటలు ఇంకా ఆగలేదు. పాత మాటలనే తిప్పి తిప్పి పాడిస్తున్నారు. రికీ ఇంకా గోడల మీద ఎగురుతున్నాడు. మిగిలిన ముగ్గురిలో ఒకడి ఊరు దొరికింది, ఎల్లాజీ వెళ్లి చెప్పి వచ్చాడు. ఇద్దరు దొరకాలి. నాయనలారా, ఇది మీ కంటపడితే కొన్నాళ్లు నోరు మూసుకోండి. ఒక తల్లిగా చెబుతున్నాను.

మొన్న వల ఆరేస్తుంటే ఇంట్లో ఫోన్ మోగింది. ఎల్లాజీ తీశాడు. స్పీకరులో ప్రమోద్ గొంతు నాకు వినబడింది.

"హలో, ఎల్లాజీ ఉన్నాడా? ఒకసారి అబ్బాయికి ఇస్తారా?"

"అబ్బాయి లేడండీ" అన్నాడు నా కొడుకు, ఆ బొంగురు గొంతుతో.

"మరి మీరెవరు?"

"ఇంట్లో పెద్దోణ్ణి" అని ఫోన్ పెట్టేశాడు.